చిన్నమావగారిని మేకను చేసిన వైనం

పెళ్ళింట్లో వంటవాడు పారిపోవచ్చు, పందిరి గాలికి ఎగిరిపోవచ్చు, పురోహితుడు దారి తప్పి ఇంకొకరి పందిట్లో మంత్రాలు మొదలుపెట్టవచ్చు. వీటన్నిటికీ ఏదో ఒక విరుగుడు దొరుకుతుంది. కానీ పెళ్ళికూతురి తండ్రి ఫోన్లో ఆట వేసుకుంటే ఎంత ప్రళయం వస్తుందో మా ఇంటివాళ్ళకే తెలుసు. మంచం దిగకుండా, ఒక్క వేలితో, శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లోని మా బంధువర్గాన్నంతా మేకల మందగా మార్చిన ఘనుణ్ణి నేను. సర్దుకుని కూర్చోండి.

కొన్నేళ్ళ కిందటి మాట. పత్రికలో డెస్కు ఉద్యోగం నుంచి అప్పుడే రిటైరై ఆమదాలవలసలో స్థిరపడ్డాను. జీవితమంతా ఇతరుల వాక్యాల్లో తప్పులు వెతికినవాడికి, తనలోనూ ఓ తప్పు ఉండవచ్చన్న ఆలోచన చచ్చినా రాదు. పైగా ఫోన్ మోసాల వార్తలు కుప్పలుగా దిద్దాను. ‘తెలియని లింకులు నొక్కకండి’ అని పెద్ద అక్షరాల్లో శీర్షికలు పెట్టింది ఈ చేతులే. అయితే ఆ హెచ్చరిక పాఠకులకు కదా! దిద్దినవాడికి వర్తించడం ఏమిటి?

ఆ రోజుల్లోనే మా అమ్మాయి జాహ్నవి పెళ్ళి కుదిరింది. మా వైపు పెళ్ళికి పిలవడమంటే ఇంటికి వెళ్ళి, బొట్టు పెట్టి, కార్డు చేతికివ్వాలి. ఫోన్లో పిలిస్తే పిలిచినట్టు కాదు, తిట్టినట్టు. మొదటి పిలుపు ఇంటి పెద్దకు వెళ్ళాలి. ఆ తర్వాతే మిగతావాళ్ళు. మాకు ఆ పెద్ద రామతీర్థంలో ఉండే చిన్నమావగారు, అంటే మా ఆవిడ సరోజినికి చిన్నాన్న. సంగీతం మాస్టారుగా చేసి రిటైరయ్యారు. చిన్నప్పుడే తండ్రిని పోగొట్టుకున్న సరోజినిని పెంచి నాకిచ్చి పెళ్ళి చేసింది ఆయనే. మనిషి వెన్న. మర్యాద దగ్గర మాత్రం ఇనుము. ఒక పెళ్ళిలో తనకంటే ముందు బ్యాండువాళ్ళకు కాఫీ అందించారని, ముద్ద ముట్టకుండా బస్సెక్కి వచ్చేసిన చరిత్ర ఉంది.

“రేపు పొద్దున్న బండికే ఎల్లాలి,” అంది సరోజిని. “సిన్నాన్న రాకపోతే నా పుట్టింటి వైపు నిలబడ్డానికి మరో మనిషి లేడు. గుర్తెట్టుకో.”

“రాకపోడమేటే! నానున్నాను గదా.”

“నా బెంగంతా అదే,” అని వంటింట్లోకి వెళ్ళిపోయింది.

ఆ మధ్యాహ్నం మా పాత మిత్రుల వాట్సాప్ గ్రూపులో ఒక ఫైలు ఊడిపడింది. పులిమేక ఆట! ప్లేస్టోర్‌లో దొరికే పులిమేకలో రెండు ఎత్తులు వేసేసరికి మధ్యలో సబ్బు ప్రకటన దూరుతుంది. ఇందులో ప్రకటనలు లేవట. లెవెళ్ళన్నీ తెరిచే ఉన్నాయట. పంపినవాడికి ఎవరు పంపారంటే, వాడికీ ఎవరో పంపారు. ఇంతకంటే నమ్మకమైన ఆధారం ఇంకేం కావాలి?

నొక్కాను. ‘ఈ ఫైలు హాని చేయవచ్చు’ అంది ఫోను. నవ్వుకున్నాను. ‘ఈ మూలం నుంచి వచ్చే యాప్‌లకు అనుమతి లేదు’ అంది. సెట్టింగుల్లోకి వెళ్ళి అనుమతి ఇచ్చాను. నిన్న గాక మొన్న చేరిన ట్రైనీ నేను దిద్దిన వార్తను ప్రశ్నిస్తున్నట్టు అనిపించింది. ‘ఈ యాప్ ప్రమాదకరం’ అని ఎర్ర రంగులో అడ్డం నిలబడింది. దాని కిందే, సన్న అక్షరాల్లో, ‘అయినా సరే ఇన్‌స్టాల్ చేయి’ అని ఉంది. సన్న అక్షరాలు చదవడం నా వృత్తి.

సరిగ్గా అప్పుడే జాహ్నవి జాకెట్టు కొలతలకు బయలుదేరుతూ ఆగింది.

“ఏటి నాన్నా, ఫోన్ని అలా గుచ్చీస్తన్నావు?”

“ఆటే. గ్రూపులో వచ్చినాది.”

“సేసినోడెవడో సూసినావా? ఆడికి సొంత సైటేటైనా ఉన్నాదా?”

“పులి ఉన్నాది, మేకలున్నాయి. సైటెందుకే?”

“స్టోర్ బయట్నుంచి ఏసుకోడం తప్పని నానన్లేదు. ఎవుడు సేసినాడో తెలీకుండా, ఫోను వద్దు మొర్రో అంటన్నా ఏసుకోడం తప్పు.”

“నాకే సెప్తన్నావేటి? ఇలాటి వార్తలకి హెడ్డింగులెట్టినోణ్ణి!”

“మరి కింద మేటరు సదవలేదా?” అని నవ్వుతూ వెళ్ళిపోయింది.

ఆట తెరుచుకుంది. తెరుచుకోగానే అడగడం మొదలుపెట్టింది. మీ కాంటాక్టులు చూడవచ్చా? మా ఇళ్ళలో గుమ్మంలోకి వచ్చి అడిగినవాళ్ళకు లేదనే అలవాటు లేదు. మంచినీళ్ళడిగితే మజ్జిగ ఇస్తాం. చూడు నాయనా, అన్నాను. సందేశాలు పంపవచ్చా? నిక్షేపంగా పంపు. ఫొటోలు? చూడు. మైకు? తీసుకో. మేకల ఆటకు మైకెందుకని ఒక్క క్షణం కూడా అనుమానం రాలేదు. మేక అరుపు వినాలేమో అనుకున్నాను, చూడండి నా తెలివి!

ఆట మహా బాగుంది. నా పులి ఒక్కొక్క మేకనే తింటూ ఊపందుకుంది. అంతలో ఫోను మోగింది. పెళ్ళికి మాట్లాడుకున్న, మా బంధువులందరికీ తెలిసిన వంటమేస్త్రి అప్పారావు.

“బాబూ, నన్ను మేకగా రమ్మన్నారేటి? మెనూ ఏటైనా మారినాదా?”

“మేకేటి అప్పారావూ?”

“మీరే గదా మెసేజెట్టినారు! ‘నేను పులిని. దమ్ముంటే మీరు మేకగా రండి. మిమ్మల్ని తినడానికి ఎదురుచూస్తున్నాను. కింద నొక్కండి’ అని.”

ఫోను పెట్టేలోపే ఎచ్చెర్ల నుంచి కాబోయే వియ్యంకుడు. ఆయన మహా నెమ్మదస్తుడు.

“బావగారూ, మేకగా రావడానికి మాకేం అభ్యంతరం లేదండి. కాకపోతే మామూలుగా పెళ్ళిళ్ళలో మగపెళ్ళివారిదే పులి పక్షం కదా, ఇదేదో కొత్తగా ఉన్నాదని అడుగుతన్నాను.”

ఆయనకు ఏదో నచ్చజెప్పేలోగా జాహ్నవి సగం కొలతలతో పరుగెత్తుకొచ్చింది. “నాన్నా! కన్నకూతుర్ని కూడా మేకని సేసీసినావా!” అంటూ ఫోను లాక్కుంది. ముందు నెట్ కట్టేసింది. ఇచ్చిన అనుమతులన్నీ వెనక్కి లాగి, ఆటను పీకేసి, బయటి యాప్‌లకు నేను తెరిచిన తలుపు మూసింది. ఫోనంతా స్కాన్ చేయించింది. తన ఫోన్లోంచి నా పాస్‌వర్డులు మార్చి, అందరికీ కబురు పెట్టింది: ‘నాన్న ఫోన్ నుంచి వచ్చిన లింకు నొక్కకండి. వేసుకున్నవాళ్ళు వెంటనే తీసేయండి.’

హమ్మయ్య అనుకుంటున్నాను. సరోజిని ఫోను మోగింది.

“సరోజినీ, మీ ఆయనున్నాడా?”

“ఉన్నాడు సిన్నాన్నా.”

“ఆ పులిగారిని ఓసారి పిలు.”

నేను ఫోను రెండు చేతులతో అందుకున్నాను. “నమస్కారం మావగారూ.”

“ఏటయ్యా అల్లుడూ, మనవరాలి పెళ్ళికి పిలవడానికి నీకు తీరిక దొరకలేదు గానీ, పులిమేకకి పిలవడానికి దొరికినాదా?”

“అది నాను పంపలేదండి. ఆటే పంపీసినాది.”

“ఆటకి నా నంబరెవరిచ్చినారు?”

“...నానేనండి.”

“అప్పారావుకి ఫోన్ సేసి కనుక్కున్నాను. ఆడికి నాకన్నా ముందొచ్చినాదంట పిలుపు.”

“అక్షరక్రమం మావగారూ! అ ముందు, చ తరవాత.”

“వయసుకి క్రమం లేదేటి?” ఫోను ఠక్కున పెట్టేశారు.

సరోజిని తిట్టలేదు. తిడితే బాగుండేది. కుర్చీలో కూర్చుని, “ఆయన్లేకుండా ఆ పందిట్లో నాను కూకోలేను,” అంది, అంతే. ఆ పూట మా ఇంట్లో ఎవరూ సరిగా తినలేదు.

మర్నాడు తొలి బండికే ముగ్గురం బయలుదేరాం. విజయనగరంలో దిగి బస్సెక్కి రామతీర్థం చేరాం. దారి పొడుగునా క్షమాపణను వాక్యం వాక్యంగా దిద్దుకున్నాను. తీరా వెళ్ళేసరికి చిన్నమావగారు వీధి అరుగు మీద కూర్చుని ఫోన్లో తల దూర్చి ఉన్నారు. మమ్మల్ని చూసి తల ఎత్తలేదు. తొంగి చూస్తే పులిమేక!

“తాతా! అది తీసీ ముందు!” జాహ్నవి కేక పెట్టింది. “నా మెసేజి సూడలేదా? నీ నంబర్లు, మెసేజీలు అన్నీ పట్టుకుపోతాది!”

“నానిస్తే గదా పట్టుకుపోడానికి!” అన్నారాయన. “కాంటాక్టులు సూడనా అన్నాది. ఎవరి తాలూకువి, ఏ ఊరు నీది అన్నాను. సెప్పలేదు. వద్దని నొక్కీసాను. మెసేజీలన్నాది, వద్దన్నాను. మైకన్నాది, వద్దన్నాను. నన్ను సరిగ్గా పిలవనోళ్ళకి నాను మర్యాదలు సెయ్యాలేటి?”

జాహ్నవి ఫోను తీసి చూసింది. నిజమే. ఒక్క అనుమతీ లేదు. కోపం ఆయన ఫోన్ని కాపాడింది. నా ఫోన్ని అతిథి మర్యాద ముంచింది.

“అయినా ముందు ఫోను వద్దనే ఉంటాది గదా తాతా. ఎందుకేసుకున్నావు?”

ఆయన మొదటిసారి నావైపు చూశారు. “వద్దనే అన్నాది. గానీ పంపినోడు పేపరోడు. తెలీకుండా పంపుతాడేటి అనుకున్నాను.”

దారిలో దిద్దుకున్న వాక్యాలన్నీ కొట్టేశాను. వంగి కాళ్ళకు దండం పెట్టాను. సరోజిని బొట్టు పెట్టి, కార్డూ పళ్ళూ చేతిలో పెట్టింది. “సిన్నాన్నా, నువ్వు రావాలి,” అనబోయి ఏడ్చేసింది.

ఆయన కార్డు పక్కన పెట్టారు. జాహ్నవి ఆటను తీసేస్తుంటే అడ్డు చెప్పలేదు. లోపలికెళ్ళి సుద్దముక్క, గుప్పెడు చింతపిక్కలు, నాలుగు గులకరాళ్ళు తెచ్చి, అరుగు మీద పులిమేక గీశారు.

“కూకో. నాను పులి. నువ్వు మేక.”

ఆడాను. ఆడాను అనడం కూడా దండగ. నన్ను తిన్నారు. ఒక్కో చింతపిక్క ఎత్తినప్పుడల్లా పేరు పెట్టి మరీ ఎత్తారు. “ఇది అప్పారావు. ఇది మీ వియ్యంకుడు. ఇది అక్షరక్రమం.” వీధిలో పోయేవాళ్ళు ఆగి చూడసాగారు. సరోజిని కళ్ళు తుడుచుకుని నవ్వడం మొదలెట్టింది.

చివరికి ఒక్క పిక్క మిగిలింది. చుట్టూ నాలుగు పులులు. ఆయన చెయ్యి దాని దాకా వచ్చి ఆగింది.

“ఇది నువ్వు,” అన్నారు. “దీన్నొగ్గీస్తన్నాను. పిల్లకి కన్యాదానం సెయ్యడానికి తండ్రనేవోడు ఉండాలి గదా. నాను ముందురోజే వచ్చీసి దగ్గరుండి సూస్తాను, సరిగ్గా సేస్తన్నావో లేదో.”

అన్నట్టే వచ్చారు. మొదటి కాఫీ ఆయనకే ఇచ్చాం.

కావున, అల్లుళ్ళూ మావలూ సమస్త బంధుజనం వినేటట్టు ప్రతిజ్ఞ చేస్తున్నాను: ఇకమీదట ఏ ఆటైనా సరే, తననెవరు చేశారో, ఏ సైటు నుంచి వచ్చిందో చెప్పి, ఫోను చేత సరేననిపించుకునేదాకా నా గుమ్మం దాటదు. నా చుట్టాల పేర్లడిగిందా, మంచినీళ్ళు కూడా ఇవ్వను.