మేరీమాతకు అంగీ తొడిగే ఇర్మా

లేయ నది ఒడ్డున మా ఊరి చర్చిలో మేరీమాతకు బట్టలు తొడిగేది మా అత్తగారు ఇర్మా. నేను ఈ ఇంటి కోడలిగా రాకముందు నుంచీ ఆ పని ఆవిడదే. పండగ పండగకీ అంగీ మారుస్తుంది, చివికిన లేసు విప్పి కొత్తది కుడుతుంది. దానికి మా ఊళ్లో ఒక పద్ధతుంది. మాత ఒక్క క్షణం కూడా బట్టల్లేకుండా ఉండకూడదు. పాత అంగీ కిందనుంచే కొత్తది ఎక్కించి, ఆ తర్వాత పాతది లాగేయాలి. తొడిగే మనిషి తల దించుకోవాలి. అంతా చేతి తడుముడే. తల్లి ముఖం, చంకలోని బిడ్డ ముఖం తప్ప ఆ కొయ్య బొమ్మలో ఆవిడ ఇంకేమీ చూసి ఎరగదు. నేనైతే దొంగచూపులు చూస్తానని ఆవిడ అనుమానం. సరైన అనుమానమే.

కిందటేడు గెంట్ నగరంలో ఒక మ్యూజియం వాళ్లు పాత కొయ్య శిల్పాల ప్రదర్శన పెడుతూ మా మాతను అరువడిగారు. ఫాదర్ యోరిస్ సరేనన్నాడు. తీరా పోస్టరు చూస్తే మాత ఒంటి మీద అంగీ లేదు. ఎప్పటి శిల్పో చెక్కిన కొయ్య కుచ్చెళ్లతో, వెలిసిన నీలిరంగుతో నిలబడి ఉంది. చూడ్డానికి జనం విరగబడ్డారు. తిరిగొచ్చాక ఇలాగే ఉంచేద్దామని ఊళ్లో సగం మంది పట్టుబట్టారు. ఫాదర్ గడుసువాడు. "ఇర్మా ఎలా అంటే అలా" అని చేతులు దులిపేసుకున్నాడు.

ఇర్మా మొదట్లో వెళ్లి చూడనే చూడనంది.

"మనింటి ఆడమనిషిని లోపావడాతో బజార్లో నిలబెట్టి, నన్ను టికెట్ కొని చూడమంటావా?"

"చూడకుండా ఏం చెప్తారు అత్తయ్యా?"

"నోర్మూసుకుని కాఫీ తాగు."

ఆ పని చేతినుంచి పోతుందేమోనని ఆవిడ భయం. పైకి చెప్పదు గానీ, రాత్రి భోజనాల దగ్గర రొట్టె ముక్క కూడా ముట్టడం లేదు. ఓ మంగళవారం తనే ఆదివారపు కోటు వేసుకుని, "పద" అంది.

మొదటి గదిలో అన్నీ తలలే. వెనకటికి మతకలహాల్లో జనం సుత్తులతో చర్చిల మీద పడ్డ ఏడాది ముక్కలైన బొమ్మలు. "ముక్కులు ఊడగొట్టారే, చేతులు పడిపోను," అని పైకే తిట్టింది. "మన ముత్తాతలు గడ్డివాములో దాచబట్టి మనావిడ బతికింది." కాపలాదారు ఇటు తిరిగి చూశాడు.

రెండో గదిలో మా మాత. ఇర్మా వెళ్లి ఎదురుగా నిలబడి, అలవాటు ప్రకారం తల దించుకుంది. ఎంతసేపటికీ ఎత్తదు. వేళాకోళం నా నాలుక చివరిదాకా వచ్చింది, మింగేశాను. మెల్లగా పాదాల నుంచి పైకి చూడసాగింది. నడుము దగ్గరికి వచ్చేసరికి చెయ్యి దానంతటదే గాల్లోకి లేచింది. కాపలాదారు దగ్గాడు.

"ముట్టుకోనులే నాయనా," అని చెయ్యి దించి, నావైపు తిరిగింది.

"వంకర కాదే ఇది."

"ఏది?"

"నడుము. కొయ్య వంగిపోయిందనుకున్నాను. అంగీ నిటారుగా పడాలని లోపలికి పోయిన వైపు ప్రతిసారీ దూది దిండు కట్టేదాన్ని. నాకు నేర్పినావిడా అలాగే కట్టేది."

నేనూ చూశాను. బరువంతా ఒక కాలి మీద వేసి, బిడ్డ ఉన్న వైపు నడుము బయటికి వాల్చి నిలబడింది తల్లి.

"బిడ్డనెత్తుకుందే! నలుగురు పిల్లల్ని మోశాను నేను. నీ మొగుడు మూడేళ్లొచ్చినా చంక దిగేవాడు కాదు. ఈ చేతులకి తెలియొద్దూ?"

బెంచీ మీద కూలబడి ఏడ్చింది. మామగారి అంత్యక్రియల రోజు కూడా కంట తడి పెట్టకుండా అందరికీ కాఫీ పోసిన మనిషి. పక్కన కూర్చుని చెయ్యి పట్టుకున్నాను. ఇన్నేళ్ల కాపురంలో ఆవిడ మీద అంత ప్రేమ ఎప్పుడూ పుట్టలేదు నాకు.

బస్సులో అడిగాను, "అయితే ఇక తొడగరా?"

"ఎందుకు తొడగను? చలేయదూ ఆవిడకి?" అంది.

వసంతమంతా కొత్త అంగీ కుట్టింది. మాత తిరిగొచ్చాక, ఆగస్టులో మాత పండగ ఊరేగింపు నాడు దాన్ని తొడిగి బయటికి తీసుకొచ్చాం. దిండు లేదు. అంగీ ఒక పక్కకి ఉబ్బి, ఇంకో పక్క లోపలికి పడి, అంచు ఏటవాలుగా వేలాడుతోంది. కసాయి కొట్టు నెల్లీ గుంపులోంచి గట్టిగా అరిచింది:

"ఇర్మా, అంగీ పక్కకి జారిందే! సర్దు!"

"జారలేదు," అంది మా అత్త నడుస్తూనే. "బిడ్డ బరువు."