అటువైపు గడియ

మైకు పిన్నికి మైకు లేదు. ఆమె గొంతే మైకు. పాతపేట మొదట్లో నిలబడి ఆమె నలుగురిని పలకరిస్తే, పేట చివర మా ఇంట్లో మిషను తొక్కుతున్న మా అత్తయ్య తల ఎత్తి, "బయల్దేరింది మహాతల్లి" అనేది. ఇంకో గంటకు ఆ గుంపు మా ఇంట్లోంచి నడిచి వెళ్తుందని అర్థం. అత్తయ్య లేచి గుడ్డపేలికలు ఊడ్చి, నేను ఆరేసిన పిల్లవాడి బట్టలు తీగ మీద నుంచి లాగేసేది.

బయటి ఊళ్ళ నుంచి వచ్చినవాళ్ళకు పాతపేటను నడిపించి చూపించడం పిన్ని పని. ఒకప్పుడు ఓడల్లో వచ్చిన వర్తకులూ, వాళ్ళ వెంట వచ్చిన పనివాళ్ళూ కట్టుకున్న పేట ఇది. నాలుగు భాషలు, మూడు రకాల ప్రార్థనాలయాలు, గోడకు గోడ ఆనుకున్న ఇళ్ళు. ఇప్పుడు మాత్రం ఆ లెక్కలన్నీ పోయి రెండే మిగిలాయి. ఎగువ వీధి వాళ్ళు, దిగువ వీధి వాళ్ళు. పిన్ని ఎగువ. మేం దిగువ.

ఆమె తండ్రి అద్దాలు కోసేవాడు. ఆమెకు ఆరేళ్ళప్పుడు మొదటి గొడవలు జరిగాయి. నిలువుటద్దం ఒకటి వీపున కట్టుకుని వస్తున్న ఆయనను వీధి మలుపులో ఆపి చంపేశారు. ఆమె గుమ్మంలో నిలబడి చూసింది. ఆ మలుపు దగ్గర తన గుంపును ఆపి, కిటికీల చెక్కడం గురించి చెప్పిన గొంతుతోనే ఈ సంగతీ చెప్పేది. ముందు కర్రలతో కొట్టారు, పడ్డాక ఆయన మోస్తున్న అద్దం ముక్కతోనే మెడలో పొడిచారు, పొడిచినవాడు రోజూ మా ఇంట్లో పాలు పోసే దిగువ వీధి వాడు, అని. అక్కడితో ఆపేది కాదు. అంతకు రెండు రోజుల ముందు మా ఎగువ వీధి వాళ్ళు ఆ పాలవాడి తమ్ముణ్ణి ప్రాణం ఉండగానే సున్నపు బట్టీలో పడేశారు, ఆ అరుపులు నేనూ విన్నాను, అని కూడా చెప్పేది.

ఇది రెండు వీధులకూ గిట్టేది కాదు. ఎగువ వీధి పెద్దాయన ఒకాయన ఆమెను నిలేసి, చచ్చినవాళ్ళ గొడవ చుట్టపుచూపుగా వచ్చినవాళ్ళకు ఎందుకు, మంచి కిటికీలు చూపిస్తే చాలదా అన్నాడట.

"కిటికీలు వాళ్ళ ఊళ్ళోనూ ఉంటాయి తాతా" అందట పిన్ని.

ఆమె పేరు పెరిగింది కిటికీల వల్ల కాదు, నడిమి తలుపుల వల్ల. పాతపేటలో ఇంటికీ ఇంటికీ మధ్య గోడలో చిన్న తలుపు ఉండేది. ఆడవాళ్ళు వీధిలోకి దిగకుండానే ఈ చివరి నుంచి ఆ చివరికి వెళ్ళేవారు, ఏ ఇంట్లో ఏ దేవుడున్నా. మొదటి గొడవల తర్వాత వాటన్నిటికీ మేకులు కొట్టేశారు. పిన్ని ఏళ్ళ తరబడి ఇల్లిల్లూ తిరిగి, బతిమాలి, తిట్టి, అలిగి, ఆ మేకులు పీకించింది. అందరికన్నా చివర ఒప్పుకున్నది మా అత్తయ్య. అత్తయ్యా పిన్నీ ఒకే బడిలో చదువుకున్నారు. ఒకరినొకరు "ఒసే" అనుకోనిదే వాళ్ళకు మాట మొదలయ్యేది కాదు.

నేను ఈ ఇంటికి కోడలిగా వచ్చిన కొత్తలో గమనించిన సంగతి ఒకటుంది. మేకులు పీకాక తలుపులకు పెట్టించిన గడియలన్నీ ఎగువ వైపే ఉన్నాయి. నడక ఎప్పుడూ ఎగువ చివర రంగులద్దే ఆయన ఇంట్లో మొదలై మా ఇంట్లో ముగిసేది కనుక, వంటలో ఉన్నవాళ్ళను పిలిచి ఇబ్బంది పెట్టకుండా తనే తీసుకుంటూ రావచ్చని పిన్ని అలా పెట్టించింది. తలుపులు మా వైపుకు తెరుచుకుంటాయి. మా వైపు నుంచి బిగించడానికి ఏమీ లేదు. నేను బడిలో పిల్లలకు రక్తనాళాల్లో కవాటాల గురించి చెప్పేదాన్ని, రక్తం ఒక దిక్కుకే పోయేలా అవి ఎలా తెరుచుకుంటాయో. మా గోడలూ అలాగే ఉన్నాయని అత్తయ్యతో అన్నాను. వచ్చేది మనవాళ్ళేగా అంది.

నాకు పిల్లవాడు పుట్టిన ఏడాది పిన్ని పేట కుర్రాళ్ళ కోసం ఒక ఆదివారం డబ్బు తీసుకోకుండా నడక పెట్టింది. ఎగువ వీధి నుంచి సైలెన్సర్ అనేవాడు తన జట్టుతో వచ్చాడు. మోటారు సైకిలుకు సైలెన్సర్ పీకేసి తిరుగుతాడని వాడికా పేరు. ఏ ఇంట్లో ఎవరుంటారు, ఏ తలుపు ఎక్కడికి పోతుంది, గోడ ఎంత మందం, అన్నీ అడిగాడు. ఇంత శ్రద్ధగా విన్నవాడు ఇంకొకడు లేడని పిన్ని మా ఇంట్లో కూర్చుని మురిసిపోయింది.

రెండోసారి గొడవ పట్టపగలే జరిగింది. పొద్దున్న బజారులో తూకం దగ్గర తగాదా అయిందన్నారు. మధ్యాహ్నానికి ఒక దిగువ వీధి కుర్రవాడు కాలువలో శవమై తేలాడన్నారు. మా ఆయన డ్యూటీలో ఉన్నాడు, రేవు అవతల. పిన్ని అప్పటికే ఒక గుంపుతో లోపలి దారిలో ఉంది. ఒక ముసలి దంపతులు, ఇద్దరు కాలేజీ పిల్లలు, మెడలో కెమెరా వేసుకున్న బ్యాంకు ఆఫీసరు.

వెనక రంగులాయన ఇంట్లో కేక వినపడేసరికి ఆమె మూడో ఇంట్లో ఉందట. సైలెన్సరూ వాడి జట్టూ రంగులాయన ఇంట్లోకి దూరారు. అక్కడి నుంచి దిగువ ఇళ్ళకు దారి ఉందని వాళ్ళకు తెలుసు. రంగులాయన వాళ్ళ వీధి మనిషే. నా ఇంట్లోంచి మాత్రం పోనివ్వనని అడ్డం నిలబడ్డాడు. రంగు కలిపే తెడ్డు లాక్కుని ఆయన తల మీదే కొట్టారు. ఒక దెబ్బకు పడిపోయాడు, అయినా కొడుతూనే ఉన్నారని గోడ అవతల నుంచి చూసినావిడ తర్వాత చెప్పింది. ఆయన నీలం తొట్టిలో తల పెట్టుకుని చచ్చిపోయాడు.

పిన్ని తన గుంపును తోసుకుంటూ ఇల్లు తర్వాత ఇల్లు దాటించింది. దారిలో కనపడిన ఆడవాళ్ళనూ పిల్లలనూ ముందుకు నెట్టింది. వెనక తలుపు వేయడానికి లేదు. గడియలన్నీ తరుముకొచ్చేవాళ్ళ వైపు ఉన్నాయి. ఒకచోట బీరువా అడ్డం పడేసింది, ఒకచోట మంచం. వెనక అవి విరుగుతున్న చప్పుడు మా ఇంటి దాకా వచ్చింది.

వాళ్ళంతా మా ఇంట్లోకి వచ్చి పడ్డాక వీధి తలుపు తీయబోయాం. గుమ్మం ముందు టైర్లు తగలబడుతున్నాయి. వీధి చివర నుంచి రాళ్ళు. కాలేజీ పిల్లల్లో ఒకడు తల బయట పెట్టాడు, కనుబొమ చీలి రక్తం కారుతూ వెనక్కి పడ్డాడు. మా ఇంటికి మేడ లేదు, మాకిక బయటికి దారి లేదు. పిల్లవాణ్ణి గుడ్డ ముక్కలు వేసే బుట్టలో పడుకోబెట్టి బల్ల కిందికి తోశాను. ఐదు నెలల వాడు. నిద్రపోతున్నాడు.

పిన్ని నడిమి తలుపు వైపు చూసింది. ఆమె చూపు గడియ ఉండాల్సిన చోట ఆగింది.

"ఒసే, నీ షట్టరు తాళం ఇటివ్వు" అంది.

అత్తయ్య తన కుట్టుకొట్టు షట్టరుకు వేసే పాత తాళం తెచ్చి ఇచ్చింది. తాళంచెవి తాళానికే ఉంది. పిన్ని దాన్ని పట్టుకుని అటువైపుకు వెళ్ళి తలుపు లాగేసుకుంది. గడియ పడింది. తాళం బిగిసిన చప్పుడు. తలుపు కింద సందులోంచి తాళంచెవి మా కాళ్ళ దగ్గరకు జారి వచ్చింది. ఏం చేసిందో అత్తయ్యకు అప్పుడు అర్థమైంది. తలుపు మీద రెండు చేతులతో బాదింది. అది తెరుచుకోదు.

తర్వాతదంతా మేం విన్నదే.

సైలెన్సరు మొదట మర్యాదగానే మాట్లాడాడు. పిన్నీ, నువ్వు మనదానివే, పక్కకు జరుగు అన్నాడు. ఆమె జరగలేదు. తాళంచెవి ఏదన్నాడు. లోపలుందని చెప్పింది. ఎవరో ఆమెను కొట్టారు. ఎముక మీద ఇనుము పడిన చప్పుడు వేరేగా ఉంటుంది. ఒకసారి విన్నాక ఇంకే చప్పుడుతోనూ పోల్చలేం. రాడ్లతో తాళం మీద బాదారు. పాత ఇనుము, ఊడలేదు. తలుపు పలకలు బెత్తెడు మందం. మళ్ళీ ఆమె మీదకే వచ్చారు. ఆమె వేళ్ళు తలుపు మీద ఆనించి పెట్టి ఒక్కోటే విరగ్గొట్టారు. ఆ అదురు మా వైపు పలకలో తెలిసింది.

అప్పుడు సైలెన్సరు మమ్మల్ని పిలిచాడు. తాళంచెవి సందులోంచి తోసేయండి, లేకపోతే దీన్ని ఇక్కడే చంపేస్తాం అన్నాడు.

అత్తయ్య ఒంగి తాళంచెవిని పిడికిట్లోకి తీసుకుంది. అందరూ అత్తయ్య చేతి వంక చూస్తున్నారు. నేను బల్ల కిందికి చూశాను.

అత్తయ్య తలుపుకు నోరు ఆనించింది. "ఇవ్వనే. తిట్టుకో."

"పళ్ళు రాలకముందు అడిగుంటే తిట్టేదాన్ని" అంది పిన్ని. ఆమె గొంతు అప్పుడు కూడా ఇంటి నిండా వినపడింది. ఆ మాట పూర్తవుతుండగానే దెబ్బ పడింది. ఇక గొంతు రాలేదు.

అత్తయ్య తలుపుకు వీపు ఆనించి కూర్చుండిపోయింది. తాళంచెవి ఆమె అరచేతిలో గుచ్చుకుని నెత్తురు వస్తోంది. అటువైపు ఒక ఇనుప తీగ సందులోకి దూరి, తాళంచెవి కోసం నేలను గీకుతూ కాసేపు తిరిగింది.

ఈలోగా రంగులాయన ఇంట్లో ఎవరో నిప్పు పెట్టారు. ఆ ఇంటి నిండా మండే సరుకే. పొగ ఇల్లు తర్వాత ఇల్లు దాటి వచ్చింది, అవే తలుపుల్లోంచి. అటువైపు అరుపులు, మేడమెట్ల మీద పరుగులు. తర్వాత నిశ్శబ్దం. సందులోంచి పొగ మా గదిలోకి రావడం మొదలైంది. నిప్పు కన్నా పొగ ముందు చంపుతుందని నాకు తెలుసు. పిల్లవాడి దుప్పటి తడిపి సందులో కుక్కాను.

ఆ దుప్పటి కదిలింది. అటువైపు నుంచి ఎవరో లాగుతున్నారు.

"నువ్వేనా?" అంది అత్తయ్య.

అటు నుంచి దగ్గు వచ్చింది. ఆ దగ్గు ఆడమనిషిదో మగమనిషిదో తెలియలేదు. దుప్పటి అటు జారిపోయింది. సందులో పొగ, దాని వెనక వేళ్ళ నీడ. పిన్ని వేళ్ళు విరిగాయి, దుప్పటి లాగలేదు. ఈ సంగతి నా బుర్రకు తట్టింది. అత్తయ్యకూ తట్టిందని ఆమె ముఖం చూస్తే తెలిసింది.

"అమ్మా, ఇవ్వకండి. ఇక్కడ పసిపిల్లవాడున్నాడు" అన్నాడు బ్యాంకు ఆఫీసరు.

అత్తయ్య నా వంక చూసింది. నేను అవునని అనలేదు, కాదని అనలేదు. బుట్ట తీసుకుని గది ఆ మూలకు వెళ్ళాను. అత్తయ్య ఒంగి తాళంచెవిని సందులోకి తోసింది. తోసి, ఇస్త్రీపెట్టె అందుకుంది. పాతకాలపు బొగ్గుల పెట్టె, నేను రెండు చేతులతో గానీ ఎత్తలేను.

తాళం తిరిగింది. తలుపు తెరుచుకుంది. పొగతో పాటు సైలెన్సరు లోపలికి పడ్డాడు. ఒక చేత్తో పిన్నిని చంక కింద పట్టుకుని ఈడ్చుకొస్తున్నాడు. తీగతో తాళంచెవి కోసం తడుముతూ వాడు వంగి ఉండగా జట్టంతా మేడ మీదికి పారిపోయిందనీ, లేచేసరికి మెట్లనిండా పొగేననీ తర్వాత తెలిసింది. ఆ క్షణాన అవన్నీ ఎవరికీ తెలియవు. అత్తయ్య పెట్టె ఎత్తి వాడి మోకాలి మీద వేసింది. వాడు కూలబడి చెయ్యి అడ్డం పెట్టాడు. చేతి మీద వేసింది. కట్టె విరిగినట్టు విరిగింది. మూడోసారి తలకు గురిపెట్టి ఎత్తింది. అప్పుడు పిన్ని నేల మీద పాకి వచ్చి, ఆ చేతుల్తోనే, అత్తయ్య చీలమండను కావలించుకుంది. మాట రావడం లేదు. దవడ ఒక పక్కకు వేలాడుతోంది. వదలడం లేదు.

అత్తయ్య పెట్టె పక్కన పడేసింది. తలుపు తన్ని మూసి, వాడి మీద కూర్చుంది. ఫైరింజను వచ్చేదాకా లేవలేదు. వాడు నీళ్ళడిగితే కాలేజీ పిల్లలు ఇవ్వబోయారు. వాళ్ళను కూడా తిట్టింది.

పిన్ని చాలా నెలలు ఆసుపత్రిలో ఉంది. దవడకు తీగలు కట్టారు. తర్వాత కోర్టుకు వెళ్ళింది. మాట నంగిగా వస్తోంది, జడ్జి రెండుసార్లు అడిగి రాయించుకున్నాడు. రంగులాయనను చంపినవాళ్ళలో వీడున్నాడని చెప్పింది. తన వేళ్ళు విరగ్గొట్టింది వీడేనని చెప్పింది. మా తరపు వకీలు ఇక చాలన్నాడు. ఆమె దిగలేదు.

"తాళం తీసింది కూడా వీడే. నన్ను తొక్కి వీడొక్కడే రాగలిగేవాడు. లాక్కొచ్చాడు. అది కూడా రాసుకోండి" అంది.

దానివల్ల వాడికి శిక్ష తగ్గింది. రంగులాయన భార్య కోర్టు మెట్ల మీద పిన్ని ముఖాన ఉమ్మేసింది. పిన్ని తుడుచుకోలేదు, తుడుచుకునే వేళ్ళు కావు అవి. అత్తయ్య ఆ రోజు నుంచి ఆమెతో మాట్లాడడం మానేసింది. నాకూ కోపమే. రాత్రిళ్ళు పిల్లవాడి ఊపిరి చూస్తూ పడుకునేదాన్ని, ఆ ఇనుప తీగ నేల మీద గీకిన చప్పుడు చెవుల్లోంచి పోదు.

నడిమి తలుపులన్నిటికీ ఇటుకలు పెట్టి కట్టేశారు. పిన్ని మళ్ళీ నడక మొదలుపెట్టింది, వీధి వెంటే. ఇప్పుడామె గొంతు నాలుగడుగుల దాకా కూడా పోదు. వచ్చినవాళ్ళు దగ్గరగా మూగి వినాలి. కాలిన గోడ దగ్గర ఆగి, రంగులాయన ఎలా చనిపోయాడో చెబుతుంది, మా ఇంటి ముందు ఆగి, సైలెన్సరు ఏం చేశాడో రెండూ చెబుతుంది. ఆ సమయంలో అత్తయ్య మిషను గట్టిగా తొక్కుతుంది.

పొద్దున్నే పనికి పోయేముందు పిన్ని మా గుమ్మంలోకి వస్తుంది. ఆ వేళ్ళతో స్వెట్టరు గుండీలు పెట్టుకోలేదు. ఏమీ అడగకుండా నిలబడుతుంది. అత్తయ్య ఏమీ అనకుండా లేచి, పై నుంచి కింది దాకా గుండీలు పెట్టి, మళ్ళీ వెళ్ళి మిషను ముందు కూర్చుంటుంది. ఇలా చలికాలమంతా గడిచింది. మొన్న ఒక గుండీ ఊడిపోయి ఉంది. అత్తయ్య దారం ఎక్కించిన సూది తెచ్చి, ఆమె ఒంటి మీదే కుట్టసాగింది. సూది గుచ్చుకుందేమో, పిన్ని ఉలిక్కిపడింది.

"కదలకే" అంది అత్తయ్య.