ఒక అడ్రసుకు రెండు జవాబులు

కొత్త కేబుల్ పైతోలు గీరినప్పుడు వచ్చే ఘాటు వాసన తగిలితే చాలు, నాకు చిట్యాల పాల డెయిరీ, సుగుణ మేడం గుర్తుకొస్తారు. మేడం అక్కడ నెట్‌వర్క్ ఇంచార్జి. నేను కొత్తగా చేరిన ఇంజినీరును, పైగా నోటి దురుసు. ఎక్కడ ఏది ఆగినా ఎవరినో ఒకరిని అనేసేదాన్ని. ఆమె మాత్రం ముందు పింగ్ కొట్టేది. అంటే అవతలి మెషీన్‌ను పలకరించి, జవాబు వస్తుందా లేదా అని చూడడం. "ముందుగాల మెషీన్‌ను అడుగు. మనిషిని తర్వాత అనొచ్చు" అనేది. నాకది చాదస్తంగా ఉండేది.

ఆ వేసవిలో పాలు తూచే కాంటా నుంచి ఆఫీసు కంప్యూటర్‌కు లెక్కలు రావడం మాటిమాటికీ ఆగిపోయింది. కేబుల్ లాగింది యాదయ్య. కాంట్రాక్టు మనిషి, మా బాపు వయసు. నేను ఆగితేగా! యాదయ్య పని సరిగ్గా చేయలేదని మేనేజరుకు కాగితం రాసిచ్చాను. ఆయన యాదయ్యను పనిలోంచి తీసేశాడు.

మర్నాడు పొద్దున్నే యాదయ్య మేడం దగ్గరికి వచ్చాడు. "గట్టిగనే బిగించిన మేడం. జర మల్లొక్కసారి చూడున్రి" అన్నాడు. మేడం ఆయనను కుర్చీలో కూర్చోబెట్టి నన్ను పిలిచింది. "ఆర్పింగ్ కొట్టు. కాంటా అడ్రసు నాదని ఎవరెవరంటరో చూద్దాం."

కొట్టాను. నెట్‌వర్క్‌లో ఒక్కో మెషీన్‌కు ఒక్కో అడ్రసు ఉంటుంది కాబట్టి ఒక్కటే పలకాలి. ఆ ఒక్క ప్రశ్నకు రెండు మెషీన్లు పలికాయి. ఒకటి కాంటా. రెండోది వారం కింద నేనే పెట్టిన ప్రింటరు. ఖాళీగా ఉందో లేదో చూడకుండా కాంటా అడ్రసే దానికీ ఇచ్చాను. ప్రింటరు ప్లగ్గు పీకగానే లెక్కలు రావడం మొదలైంది.

మేడం తిట్టలేదు. తిట్టినా బాగుండేది. "మేనేజర్‌కు మీరే చెప్పండి మేడం" అని బతిమాలాను.

"నేను చెప్తే యాదయ్య పని నిలుస్తది బిడ్డా. ఆయన పేరు నిలువాలంటే నువ్వే చెప్పాలె" అంది.

మేనేజరు గదిలో, యాదయ్య ముందే, తప్పు నాదని చెప్పి కాగితం వాపస్ తీసుకున్నాను. సిగ్గుతో చచ్చిపోయాను. మేనేజరు యాదయ్యను మళ్లీ పనిలోకి రమ్మన్నాడు. బయటికి వచ్చాక యాదయ్య జేబులోంచి ఫోన్ తీశాడు. "పని పోయిందని రాత్రి ఇంట్ల చెప్పిన. మా ఆమె తినకుంటనే పండుకున్నది. జర ఫోన్ చేసి చెప్తా" అని పక్కకు వెళ్లాడు.

ఇప్పుడు నేనూ ఇంచార్జినే. ఎవరి మీదైనా ఫిర్యాదు రాయాల్సి వస్తే, ఆ మనిషిని ఎదురుగా కూర్చోబెట్టుకుని, చదివి వినిపించాకే సంతకం పెడతాను.