కాటారం అత్తమ్మ చూడాల్సిన పెండ్లి

ఇప్పుడంటే పెండ్లికొడుకు పీటల మీద నుంచి లేవకముందే వీడియో అందరి ఫోన్లలో తిరిగొస్తోంది కానీ, నేను తొర్రూరులో పెండ్లి వీడియోలు మిక్సింగ్ చేసే దుకాణంలో కుదిరిన కొత్తలో క్యాసెట్టులోని పెండ్లి డిస్కులోకి రావడానికి నెల పట్టేది. మా యజమానిని ఊరంతా మిక్సింగన్న అనేది. ఆయన దగ్గర ఒక పాత ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ఉండేది, డబ్బు పెట్టి కొన్న అసలు సరుకు. దసరాకు దాని డబ్బాకు బొట్టు కూడా పెట్టేవాడు (నాకు చీర పెట్టిన దసరా మాత్రం ఒక్కటీ గుర్తు లేదు).

ఒకనాడు ఎవరిదో పెన్‌డ్రైవ్ లోంచి వైరస్ దూరి కంప్యూటర్ కూలబడింది. బాగుచేయించి సాఫ్ట్‌వేర్ మళ్లీ ఎక్కిస్తే, కంపెనీకి ఫోన్ చేసి కొత్త కీ తెస్తేనే తెరుచుకుంటానని మొండికేసింది. సరిగ్గా అప్పుడే ఒక కొత్త పెండ్లికూతురు సంచితో సహా వచ్చి కూర్చుంది. పుట్టింటి నుంచి అత్తగారి ఊరు కాటారం తిరిగిపోతోంది. కాలు విరిగి మంచాన పడ్డ అత్తగారు కొడుకు పెండ్లికే రాలేకపోయిందట. "డిస్కు తెస్తనని అత్తమ్మకు మాటిచ్చిన అక్కా. ఒట్టి చేతులతోని ఎట్ల పోవాలె?" అంటుంటే ఆ పిల్ల కళ్లల్లో నీళ్లు తిరిగాయి. నేను వెంటనే కంపెనీకి ఫోన్ కలిపాను.

ఫోన్లో కంపెనీ అతనిది కోస్తా మాట, మహా మర్యాదస్తుడు. అతను అక్షరాలూ అంకెలూ చెబుతుంటే నేను పైకి అనాలి, మిక్సింగన్న కొట్టాలి. అన్న తల ఎత్తడు, నేనేమంటే అదే ఒంటి వేలితో కొడతాడు. అంతా అయ్యాక కీ తప్పంది. పైగా ఆఖరి అక్షరానికి చోటే మిగల్లేదు. "కంపెనోళ్లకే లెక్క రాదు, మనకేం జెప్తరు!" అని అన్న వాళ్లనే తిట్టాడు.

"ఇంకోసారి తప్పితే ఇవాళ్టికి లాకైపోతుందండీ. కొట్టింది ఒకసారి చదవండి మేడమ్."

చదివాను. "మధ్యలో 'ఓ' ఎక్కడిదండీ? నేను చెప్పలేదే!" అన్నాడు. నేను అన్న మీద లేచాను.

"ఓ ఎందుకు కొట్టినవన్నా?"

"నువ్వే అంటివి గదనే!"

"నేనెప్పుడన్న?"

అన్న కోపంగా మొత్తం చెరిపేసి, వేలెత్తి సిద్ధంగా కూర్చున్నాడు. ఇంతలో వెనక నుంచి పెండ్లికూతురు "అక్కా, బస్సు బోతది!" అని పిలిచింది. "ఓ" అని పలికాను (మా దిక్కు పిలిస్తే అట్లాగే పలుకుతాం). టక్కున అన్న వేలు 'ఓ' మీద పడింది.

ముగ్గురం ఒకరి మొహాలొకరం చూసుకున్నాం. ఫోన్లో మర్యాదస్తుడు నవ్వాపుకోలేక "ఆవిణ్ణి కాసేపు పిలవొద్దనండి మేడమ్" అన్నాడు. ఆ పిల్ల కొంగు నోట్లో కుక్కుకుని కూర్చుంది. ఈసారి కీ పట్టింది.

కానీ వీడియో మీద నేను రాల్చే గులాబీ రేకులకూ, తిరిగే తామరపూలకూ వేళ లేకపోయింది (అవి లేని పెండ్లి నా లెక్కలో పెండ్లే కాదు). ముఖ్యమైన ఘట్టాలు ఉన్నవున్నట్టే డిస్కుకెక్కించి, పరుగెత్తి బస్సు కిటికీలోంచి అందించాను. నా పనితనం పరువు పోయిందని ఇంటికెళ్లి ఏడ్చాను కూడా.

కొన్నాళ్లకు కాటారం అత్తగారే ఫోన్ చేసింది. తిట్లకు సిద్ధపడి ఎత్తాను. "బిడ్డా, పుస్తె గట్టంగ నా కొడుకు చేతులు వణికినయి, జూసినవా? గా వణుకుడు జూస్తె వాని పక్కనే కూసున్నట్టయింది నాకు" అని నవ్వుతూనే ఏడ్చింది.

నేను ప్రతి పెండ్లిలోనూ తామరపువ్వు విప్పేది సరిగ్గా ఆ చేతుల మీదే. ఎందరు కొడుకుల చేతులు అట్లా కప్పేశానో! అయినా, పని బాగా చేస్తున్నానని మురిసిపోతూ పూలు పేర్చిన అప్పటి నాలోని ఆ పిల్ల మీద నాకిప్పుడు కోపం రాదు, ముద్దే వస్తుంది.