అడగని పట్నం

నందిగామలో పంచాయతీ బోర్డు దించి నగర పంచాయతీ బోర్డు ఎక్కించిన రోజుల్లో నేను అక్కడి హైస్కూల్లో సోషల్ మాస్టర్ని. ఇప్పుడూ అదే. ఊరికి ప్రమోషన్ వచ్చింది గానీ నాకు రాలేదు. ఆ బోర్డు కింద నిలబడి చాలాసేపు చదువుకున్నట్టు గుర్తు. నందిగామ నగర పంచాయతీ. పేరులో గ్రామం ఉంది, పక్కన నగరం ఉంది, చివర పంచాయతీ ఉంది. మూడూ ఒకే రేకు మీద, ఆర్టీసీ బస్సులో ముగ్గురి సీటులా సర్దుకుని కూర్చున్నాయి. కింద కాలువలో పంది మాత్రం నిన్న ఎక్కడ పడుకుందో ఇవాళా అక్కడే పడుకుంది. రాత్రికి రాత్రే పట్టణ పంది అయిపోయానన్న సంగతి దానికి ఎవరూ చెప్పలేదు.

మర్నాడు క్లాసులో ఇదంతా పాఠంలో కలిపి చెప్పాను. ఊరు ఎలా పట్టణమవుతుంది, పట్టణం ఎలా నగరమవుతుంది, జనాభా ఎంతుండాలి, వ్యవసాయం కాని పనులు ఎంతమంది చెయ్యాలి. పిల్లలు శ్రద్ధగా కిటికీలోంచి హైవే మీద లారీలు చూశారు. నా పాఠాలు అంత విశాలంగా ఉంటాయి.

మా ఇల్లు ఉండేది మాత్రం నందిగామలో కాదు, జగ్గయ్యపేటను ఆనుకుని ఉన్న పల్లెలో. పేట ఎక్కడ అయిపోయి మా ఊరు ఎక్కడ మొదలవుతుందో కొత్తవాళ్లకు తెలియదు. తారురోడ్డు మీద ఒక పక్కంతా మిరపకాయలు ఆరబోసి ఉంటే అది మా ఊరు. సీజన్ కాకపోతే మేమూ కాస్త తడబడతాం. రోజూ పొద్దున బస్సెక్కి నందిగామ వెళ్లి పట్టణాల గురించి చెప్పి, సాయంత్రం పల్లెకు వచ్చి పడుకోవడం నా జీవితం. అలాంటిది, ఆ మధ్య పట్టణమే బయల్దేరి నా ఇంటికి వచ్చేస్తానంది.

మా ఊరిని పేట మున్సిపాలిటీలో కలిపే ప్రతిపాదన ఉందని, దాని మీద గ్రామసభ పెడతారని గ్రామ సచివాలయం గోడకు నోటీసు అంటించారు. నేను చదివాను. నోటీసులు చదవడంలో నాదొక పద్ధతి. పై రెండు వరుసలు చదివి, మిగతాది తెలిసిందేనన్నట్టు తలాడించి వచ్చేస్తాను. సోషల్ మాస్టర్ని కదా, మొత్తం చదివితే నాకేం గౌరవం?

మా ప్రహరీలో రెండిళ్లు. ఒకదాంట్లో నేనూ మా ఆవిడా. రెండోదాంట్లో అన్నయ్యా వదినా. అన్నయ్యకు ప్లాట్ల బేరాలు. రోడ్డు పక్కన ఎవరిదో పత్తి చేను చదును చేసి, తెల్లరాళ్లు పాతి, 'టౌన్‌షిప్' అని ఆర్చి కట్టించాడు. టౌను లేకుండా షిప్పు ఒక్కటే చేలో లంగరేసి ఉంది. ఊరు పేటలో కలిస్తే ఆ షిప్పు కదులుతుందని ఆయన ఆశ.

వదిన ఉపాధి హామీ పనిలో మేట్. అంటే పొద్దున్నే ఆడవాళ్లందరినీ పోగేసి, సాగర్ కాలువ నుంచి చేలకు నీళ్లు పారే బోదెల్లో పూడిక తీయించి, ఫోన్లో ఫోటో తీసి హాజరు పంపే మనిషి. మా ఊళ్లో పెద్దవాళ్లు ఇప్పటికీ దాన్ని కరువు పని అంటారు. వదిన కాపురానికి వచ్చిన కొత్తలో ఫలానా వాళ్ల పెద్దకోడలు. తరవాత ఫలానా ఆయన భార్య. మేట్ అయ్యాకే ఆమెకు సొంతంగా ఒక పిలుపు వచ్చింది. చిన్నా పెద్దా అందరూ 'మేటక్క' అంటారు. ఒకసారి పోస్ట్‌మ్యాన్ అన్నయ్య పేరు చెప్పి ఇల్లు అడిగితే, "మేటక్క మొగుడిదా?" అని దారి చూపించారట. అన్నయ్య వారం రోజులు ఆ పోస్ట్‌మ్యాన్‌తో మాట్లాడలేదు.

నోటీసు పడ్డ సాయంత్రం వదిన మా వరండాలోకి వచ్చి నిలబడింది. కూర్చోలేదంటే విషయం పెద్దదని అర్థం.

"అబ్బాయ్, మనం పేటలో కలిస్తే నా పనేమవుద్ది?"

"ఉపాధి పని పల్లెలకే వదినా. పట్నాల్లో ఉండదు."

"అదేంది? పల్లెలో తవ్వే పలుగు పట్నంలో కలిస్తే మొద్దుబారిపోద్దా?"

"చట్టం అట్టా ఉంది."

"మా వాళ్లు ఏం తిని బతకాలంటది ఆ చట్టం?"

మిరప కోతలూ పత్తి తీతలూ అయిపోయాక మా ఊళ్లో ఆడవాళ్లకు ఆ బోదెల పని తప్ప ఇంకోటి ఉండదని నాకూ తెలుసు. వదిన గుంపులో మొగుడు పోయినవాళ్లున్నారు, ఉన్నా లేనట్టే అయినవాళ్లున్నారు. వాళ్లందరి బదులూ ఆమె ఒక్కతే నా వరండాలో నిలబడి ఉంది.

ఆ ఆదివారం మా తోడల్లుడు ఫోన్ చేశాడు. ఆయన కెనడాలో, అల్బర్టా అనే రాష్ట్రంలో ఉంటాడు. ఆ రాష్ట్రాన్ని వాళ్లు ప్రావిన్స్ అంటారు. నేను స్పీకర్లో పెట్టి మా ఊరి సంగతి చెబుతుంటే వదిన పెరట్లోంచి చేతులు తుడుచుకుంటూ వచ్చింది.

"మా దగ్గర అట్టా కుదరదండీ అన్నయ్యగారూ," అన్నాడాయన. "ఇక్కడ జనాభా పదివేలు దాటాలి, ఇళ్లు దగ్గర దగ్గరగా ఉండాలి. అప్పుడు ఊరి కౌన్సిల్ కూర్చుని, మమ్మల్ని సిటీ చెయ్యండని ప్రభుత్వాన్ని అడగాలి. వాళ్లు చూసి ఇస్తారు."

"అడక్కపోతే?" అంది వదిన ఫోన్‌కేసి వంగి.

"అడక్కపోతే ఏముందండీ వదినగారూ, ఎట్టా ఉన్నది అట్టాగే ఉంటది. మేముండేది కాగితాల మీద ఇప్పటికీ పల్లే. జనం మాత్రం మీ పేట కంటే ఎక్కువ."

"పల్లెలో ఏమేం ఉన్నయ్యి?"

"పెద్ద మాల్ ఉందండీ. హాస్పిటల్ ఉంది. మంచు ఎత్తే బండ్లున్నయ్యి."

"గేదెలు?"

"లేవండీ."

"గేదెల్లేని పల్లేంది నాయనా! పాలెట్టా?"

"డబ్బాల్లో వస్తయ్యండీ."

వదిన ఆ పల్లె మీద జాలిపడింది. కానీ అసలు మాట వదల్లేదు. ఫోన్ పెట్టేశాక నావైపు తిరిగింది.

"అంటే, అడిగితేనే పట్నం చేస్తారు. అడక్కపోతే చెయ్యరు. అంతేగా అబ్బాయ్?"

నేను అక్కడితో ఊరుకోవాల్సింది. కానీ నా ఎదుట ఒక మనిషి శ్రద్ధగా వింటోంది, కిటికీలోంచి లారీలు చూడటం లేదు. ఇన్నేళ్ల సర్వీసులో అరుదుగా దొరికే భాగ్యం. గొంతు సవరించుకున్నాను.

"ప్రజాస్వామ్యం ఎక్కడైనా ఒకటే వదినా. జనం అడగందే ఏదీ రాదు."

పంపులో నీళ్ల దగ్గర్నుంచి అన్నిటికీ వర్తిస్తుందనుకున్నాను. మా ఆవిడ లోపల్నుంచి "ఈయన మాట పట్టుకుని ఎక్కడికీ పోవాకక్కా" అని హెచ్చరించింది గానీ, వదిన అప్పటికే గేటు దాటేసింది.

మర్నాడు బోదె గట్టు మీద వదిన తన సైన్యానికి ఆజ్ఞ జారీ చేసింది. గ్రామసభలో ఎవ్వరూ నోరు విప్పకూడదు. అధికారి ఏమడిగినా ఊఁ అనకూడదు, ఆఁ అనకూడదు. ఆ ఆడవాళ్లకు మండుటెండలో మట్టి మొయ్యడం కష్టం కాదు గానీ, ఇది కష్టం. ఒకావిడ, "రెండు తట్టలు ఎక్కువ మొయ్యమను మేటక్కా, మోస్తా. మాట్లాడకుండా నా వల్ల గాదు," అని ముందే చేతులెత్తేసింది. చివరికి నోట్లో తమలపాకులు నింపుకుని రావాలని తీర్మానం చేశారు.

ఇంట్లో అన్నయ్యకూ అదే చెప్పింది. పెద్ద గొడవవుతుందని నేనూ మా ఆవిడా గోడ పక్కన చెవులు రిక్కించాం. అన్నయ్య అంతా విని, "సరేలే, నేనూ మాట్లాడను," అన్నాడు. అంతేకాదు, రచ్చబండ మీద కూర్చునే మగవాళ్లకు కూడా "సభలో అనవసరంగా నోరు పారేసుకోమాకండి, పరువు పోద్ది," అని తిరిగి తిరిగి చెప్పొచ్చాడు.

వదిన ఆనందానికి హద్దు లేదు. "పెళ్లయిన ఇన్నాళ్లకు మీ అన్న నా మాట ఒకటి విన్నాడబ్బాయ్," అంటూ మాకో గిన్నెడు సేమ్యా పాయసం పంపింది. నేను పాయసం తిన్నాను. అన్నయ్య ఎందుకు విన్నాడా అని ఆలోచించలేదు. పాయసం తినేటప్పుడు ఆలోచించే అలవాటు నాకు లేదు.

గ్రామసభ బడి వరండాలో పెట్టారు. వచ్చిన అధికారి నెమ్మదైన మనిషి. అప్పటికే రెండు మూడు ఊళ్లలో తిట్లు తిని వచ్చినట్టున్నాడు, కుర్చీ గుమ్మానికి దగ్గరగా వేయించుకున్నాడు. ప్రతిపాదన చదివి, భయంభయంగా తలెత్తాడు.

ఎవరూ మాట్లాడలేదు. ఆడవాళ్లందరి బుగ్గలూ ఉబ్బి ఉన్నాయి. మగవాళ్లు ఫ్యానుకేసి చూస్తున్నారు. మా ఊళ్లో అంత నిశ్శబ్దం నేనెప్పుడూ వినలేదు. ఎక్కడో ఒక గేదె అరిస్తే అందరూ దానికేసి కోపంగా చూశారు.

"ఏమైనా చెప్తారా అండీ?" అన్నాడు అధికారి మళ్లీ.

వదిన కళ్లతోనే తన వాళ్లను మెచ్చుకుంది. అన్నయ్య చేతులు కట్టుకుని, పెళ్లికొడుకులా నవ్వుకుంటున్నాడు.

అధికారి ముఖంలో రక్తం తిరిగొచ్చింది. "చాలా సంతోషమండీ. ఇంత సామరస్యంగా ఏ ఊళ్లోనూ జరగలేదు. అభ్యంతరాలేమీ రాలేదు కాబట్టి విలీనానికి గ్రామసభ సమ్మతించినట్టు రాసుకుంటున్నా." కలం మూత తీశాడు.

వదిన నావైపు చూసింది. ఆ చూపు మోయడానికి రెండు తట్టలు చాలవు.

"అబ్బాయ్! ఈయనేంది, అడక్కుండానే ఇచ్చేస్తున్నాడు?"

నేను స్తంభం వెనక్కి జరిగాను. వదిన వరండా చివరికెళ్లి తమలపాకు ఉమ్మేసి వచ్చింది. మేటక్క ఉమ్మిందంటే ఆజ్ఞ ఎత్తేసినట్టేననుకుని ఆడవాళ్లందరూ లేచి ఉమ్మేసి వచ్చారు. ఇంతసేపు కట్టేసిన మాటలన్నీ ఒక్కసారిగా వదిలారు. అధికారి కుర్చీతో సహా గుమ్మంలోకి జరిగాడు.

"ఆగండే!" అని వాళ్లను ఆపి వదిన ముందుకొచ్చింది. "మేం పట్నం కావాలని అడగలేదుగా సార్?"

"వద్దని కూడా అనలేదుగా అమ్మా."

"నోరు మూసుక్కూర్చుంటే వద్దనేగా?"

"మాకు నోరు మూసుకుంటే సరేనని అర్థమమ్మా. అభ్యంతరముంటే సభలో చెప్పాలని నోటీసులోనే రాశాంగా, కింద వరుసలో."

కింద వరుస. నేను బడి గోడ మీద దేశ పటాన్ని కొత్తగా చూడటం మొదలుపెట్టాను.

"మరి కెనడాలో అడిగితేనే ఇస్తారంటగా?"

"ఇది కెనడా కాదమ్మా."

"ఆ ముక్క మా మరిదికి చెప్పండి. సోషల్ మాస్టరు, ఆ స్తంభం వెనకున్నాడు."

సభంతా స్తంభం వైపు తిరిగింది. నేను సన్నగా ఉంటానని ఎప్పుడూ అనుకునేవాణ్ని. అంత సన్నగా లేనని అప్పుడు తెలిసింది. నవ్వులు ఆగడానికి కొంతసేపు పట్టింది. అందరి తరవాత అన్నయ్య ఆపాడు. అప్పుడు గానీ వదినకు ఆయన మాట వినడం వెనకున్న రహస్యం అర్థం కాలేదు.

"నీకు తెలుసు!" అంది.

"నేను నోటీసు మొత్తం చదివా," అన్నాడు అన్నయ్య వినయంగా.

వదిన అధికారి వైపు తిరిగింది. ఈసారి గొంతు తగ్గింది.

"రాసుకోండి సార్. పత్తి తీతలయినాక మాకు పనుండదు. అప్పుడు ఈ బోదెల పనే మాకు దిక్కు. నేను ఫోన్లో ఫోటో తీసి పంపితే ఇదిగో వీళ్లిళ్లల్లో పొయ్యి వెలుగుద్ది. పట్నమైతే ఫోను ఉంటది, వీళ్లుండరు. వీధి లైట్లు మాకూ కావాలి, వద్దనట్లా. అయితే వీళ్ల పని పోయేట్టయితే ఇప్పుడే వద్దు. ఎప్పుడు కావాలో మేం అడుగుతాం."

అధికారి కలం ఆగకుండా నడిచింది. తరవాత ఒక్కొక్కరూ లేచి చెప్పారు. ఒకావిడకు పని పోతుందని అభ్యంతరం. ఒకావిడకు ఇంటి పన్ను అభ్యంతరం. ఒక ముసలావిడ, పట్నమైతే కోడలు ఇంకా పొద్దెక్కి లేస్తుందని చెప్పి, అదీ రాయమని పట్టుబట్టింది. అధికారి రాశాడు.

చివరికి అన్నయ్యను అడిగాడు. "మీరేమంటారండీ?"

అన్నయ్య వదినకేసి ఒకసారి చూసి, ధైర్యం చేశాడు. "నాది ప్లాట్ల యాపారం సార్. నాకు పట్నమే కావాలి."

"అదీ రాయండి సార్," అంది వదిన. "ఒక్కడే అడిగాడని రాయండి."

కొన్నాళ్లకు, పేటలో కలిపే ఊళ్ల సంగతి తెలిసింది. మా ఊరి విషయం వాయిదా వేశారట. ఆ కబురు వచ్చిన పొద్దున నేను బస్సుకు బయల్దేరుతుంటే వదిన గేటు దగ్గర ఆపింది.

"వాయిదా అంటే ఏందబ్బాయ్? మానేసినట్టా, మళ్లీ పెడతారా? వచ్చే ఎండాకాలం పని ఉన్నట్టా లేనట్టా? మా వాళ్లకేం చెప్పను?"

ఈసారి నేను పాఠం మొదలుపెట్టలేదు. "కనుక్కుని చెప్తా వదినా," అన్నాను.

"నువ్వు కనుక్కోమాక నాయనా," అంది కంగారుగా. "నేనే ఆఫీసుకు పోయి అడుగుతా."

అన్నయ్య అప్పటికే బండి స్టార్ట్ చేసి ఉన్నాడు. వాయిదా ఎన్నాళ్లో ఆయనకూ తెలుసుకోవాలనే ఉంది. వదిన వెనక కూర్చుని కొంగు నడుముకు దోపుకుంది. ఆగిపోయిందని వినడానికి ఆమె, ఆగలేదని వినడానికి ఆయన, ఒకే బండి మీద పేటకు వెళ్లారు. మలుపు దాకా ఇద్దరూ ఏదో వాదించుకుంటూనే ఉన్నారు. బండి చప్పుడులో నాకు వినిపించలేదు.