మాటలమ్మ ఒప్పజెప్పిన మాట

నిఘంటువు ఆఫీసులో అందరూ ఆమెను మాటలమ్మ అంటారు. ఇంగ్లీషు మాటల పుట్టుపూర్వోత్తరాలు రాయడం ఆమె పని. మనం ముత్తాత పేరు అడిగితే బుర్ర గోక్కుంటాం. ఆమె ఏ మాటకైనా ఏడు తరాలు గడగడా చెప్పేది.

ఈమధ్య ఆ జోరు తగ్గింది. మొన్న వంటింట్లో గరిటె చేతిలో పట్టుకుని, దాన్నేమంటారో తోచక అలాగే నిలబడిపోయింది. వాళ్లమ్మకూ ఇలాగే మొదలైంది. చివరికి ఆ మహాతల్లి నోట ఒక్క మాటా మిగల్లేదు. ఆ జబ్బే తనకూ వచ్చిందేమోనని మాటలమ్మ గుండెల్లో రైళ్లు పరిగెడుతున్నాయి. ఎవరికీ చెప్పలేదు. మాటలమీద బతికే మనిషి, మాటలు పోతున్నాయని ఏ నోటితో చెబుతుంది?

ఆ ఆఫీసులో ఒక పద్ధతుంది. రాసింది అచ్చుకు వెళ్లేముందు, కాగితం చూడకుండా సంపాదకుడైన పెద్దాయనకు ఒప్పజెప్పాలి. "నీకే గుర్తులేనిది చదివేవాడికేం గుర్తుంటుంది?" అంటాడాయన. తడబడితే ఆ మాట ఇంకొకరికి పోతుంది. పోతూపోతూ పెద్దాయన చేత నాలుగు చీవాట్లు కూడా పెట్టించి పోతుంది.

ఆ ఉదయం ఆమె 'ఫియర్' అనే క్రియను తీసుకుని ఆయన బల్లముందు నిలబడింది. ప్రూఫులు దిద్దే ఆవిడ పని ఆపి తలెత్తింది.

"ఇప్పుడు భయపడటం అంటున్నాం గానీ, పాత ఇంగ్లీషులో ఈ క్రియకు భయపెట్టడం అని అర్థమండీ. దీని మూలంలో ఉన్నది ఉన్నట్టుండి మీదపడే ఆపద. తర్వాత్తర్వాత ఈ మాట బెదిరించేవాణ్ణి వదిలేసి, బెదిరినవాడి పక్కన చేరింది."

ఎక్కడా నీళ్లు నమల్లేదు. మాటలమ్మకు ప్రాణం లేచొచ్చింది. తన బుర్రకేం ఢోకా లేదు, అనవసరంగా హడలిపోయింది!

పెద్దాయన కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు.

"అక్షరం పొల్లుపోలేదమ్మా. నిన్న కూడా పోలేదు."

"నిన్నా?"

"ఇక్కడే నిలబడి ఇదే ఒప్పజెప్పావు కదమ్మా. బాగుందని అచ్చుకు పంపేశాం."

ఆయన పొరబడ్డాడనుకుని మాటలమ్మ ప్రూఫుల ఆవిడ వైపు తిరిగింది. "నువ్వైనా చెప్పు వదినా."

ఆవిడ తల దించుకుంది. "నిజమే వదినా. నేనూ విన్నాను."

ఎప్పుడూ కేకలేసే పెద్దాయన లేచి, తన కుర్చీయే ఆమె వైపు జరిపాడు. "కూర్చో తల్లీ," అన్నాడు మెల్లగా. ఆ మెత్తటి గొంతే మాటలమ్మను భయపెట్టింది.