జాడీలో దిగిన ఆస్కోమైసిటీస్ వాళ్ళు

నా చిన్నప్పుడు మా ఇంట్లో దేవుడి గది కన్నా కట్టుదిట్టమైన గది ఒకటుండేది. అది ఊరగాయల గది. దేవుడి గదిలోకి నేను స్నానం చేసి వెళ్ళొచ్చు, సరదా పుడితే గంట కూడా వాయించొచ్చు. ఊరగాయల గది గడప తొక్కానంటే మాత్రం మా మామ్మ వేసే కేకకి కాలవ అవతల నాట్లేసే ఆడవాళ్ళు కూడా నడుములెత్తి చూసేవారు. మాది ఉంగుటూరు దగ్గర ఒక పల్లె. మా తాతయ్య పౌరోహిత్యం చేసేవారు. చుట్టుపక్కల ఊళ్ళలో ఏ పెళ్ళికైనా ముహూర్తం ఆయనే పెట్టాలి, ఎవరి గోత్రమేదో ఆయనే చెప్పాలి. ఇంటి బయట ఆయన మాటకి ఎదురు లేదు. ఇంట్లో ఆ హోదా మామ్మది.

ఆ గదిలో గోడవారగా పీటల మీద జాడీలు కూర్చుని ఉండేవి. ఆవకాయ, మాగాయ, చింతకాయ, ఉసిరికాయ. ఒక్కోదాని మూతి మీద గుడ్డ వేసి తాడుతో వాసెన కట్టి ఉండేది. మడి కట్టుకున్నవాళ్ళు తప్ప ఇంకెవరూ ముట్టకూడదు. మడి కట్టుకోవడం చాలా ఇళ్ళలో ఉన్నదే, కానీ మా మామ్మ మడి వేరు. స్నానం చేసి, ఆరేసిన బట్ట కట్టుకున్నాక కూడా ఆవిడకి అనుమానం తీరేది కాదు. కడిగిన చేతులే మళ్ళీ కడిగేది. కడిగిన గరిటె మీదే మళ్ళీ చెంబుతో నీళ్ళు పోసేది. మధ్యలో నేను వాకిట్లో తుమ్మినా సరే, మొదటికొచ్చేది.

ఆ ఏడు వానలు మొదలయ్యాక మామ్మ నల్లజర్లలో ఉన్న వాళ్ళ చెల్లెల్ని చూడడానికి వెళ్ళి కొద్దిరోజులు ఉండి వచ్చింది. ఆవిడ లేనప్పుడు ఊరగాయ తీసే పని మా అమ్మకి పడింది. తిరిగొచ్చిన మామ్మ కాళ్ళు కడుక్కుని, మడి కట్టుకుని, నేరుగా వెళ్ళి పెద్ద ఆవకాయ జాడీ వాసెన విప్పింది. నూనె పైకి తేలిన ముక్కల మీద తెల్లగా, అక్కడక్కడ ఆకుపచ్చగా మెత్తటి బూజు పట్టి ఉంది.

చిన్న తప్పులకి కేకలేసే మనిషి పెద్ద తప్పుకి గొంతెత్తలేదు. నాకు అప్పుడే భయం వేసింది. మామ్మ వచ్చి వంటింటి గుమ్మంలో కూర్చుని, ఇన్నేళ్ళలో తన జాడీకి బూజన్నది తెలీదని, తాను గడప దాటగానే మడి మంటగలిసిందని, తాడేపల్లిగూడెం సంబంధం వద్దని ఆ రోజుల్లోనే చెప్పానని, నెమ్మదిగా, గోడతో చెప్పినట్టు చెప్పింది. మా అమ్మది గూడెం. మా అమ్మమ్మగారింట్లో అప్పటికే గ్యాసు పొయ్యి ఉంది, స్టీలు డబ్బాల్లో ఊరగాయ పెట్టుకుంటారు. మామ్మ లెక్కలో ఈ రెండూ చాలు, వాళ్ళకి ఆచారం లేదని తేల్చడానికి.

అంతటితో ఆగినా బాగుండేది. ఉల్లిపాయల బేరానికి గూడెం వెళ్తున్న ఒకాయనతో కబురు పంపించింది. ఆదివారం వచ్చి అమ్మాయిని తీసుకెళ్ళండి, మడీ ఆచారం నేర్పి పంపండి అని. ఎన్నాళ్ళలో పంపాలో ఆ కబురులో లేదు. మా నాన్నగారు ఏలూరులో ఆఫీసుకి వెళ్ళొచ్చేవారు. అక్కడ ఎలా ఉండేవారో గానీ, తల్లి ముందు ఆయనకి నోరు పెగిలేది కాదు. అమ్మ పప్పు రుబ్బుకుంటూ కూర్చుంది. నాకు ఏడుపొచ్చింది. నన్ను కూడా తీసుకెళ్తారా, ఇక్కడే ఉంచేస్తారా అన్నది నాకెవరూ చెప్పలేదు. అమ్మ లేకపోతే ఈ ఇంట్లో నేనెలా ఉండాలో నాకు తెలీలేదు.

మా చిన్నత్తయ్య, అంటే నాన్నగారి చెల్లెలు, ఏలూరు కాలేజీలో బి.ఎస్సీ. చదివేది. వృక్షశాస్త్రం. ఊళ్ళో ఆడపిల్ల బస్సెక్కి కాలేజీకి వెళ్ళడం అప్పట్లో వింతే, దానికి తోడు ఆవిడ నోరు ఊరుకునేది కాదు. మర్నాడు పొద్దున్న చిన్న గాజు సీసా తీసుకుని, పెరట్లోకి తెచ్చి పెట్టిన ఆ జాడీలోంచి పుల్లతో బూజు గీకి అందులో వేసుకుంది. ఆ దిక్కుమాలిందాన్ని బస్సులో ఊరేగిస్తావుటే అని మామ్మ అడ్డం పడింది. చిన్నత్తయ్య వింటేగా. గుండుగొలను దగ్గర ఎక్కినావిడెవరో ఆ సీసాలో ఏముందమ్మా అని అడిగితే, మా ఇంటికొచ్చిన చుట్టాలండీ, కాలేజీ చూపిద్దామని తీసుకెళ్తున్నాను అందిట. తర్వాత తనే నవ్వుతూ చెప్పింది.

సాయంత్రం తిరిగొచ్చి వంటింట్లోకి వెళ్ళలేదు. అరుగు మీద పంచాంగం చూసుకుంటున్న తాతయ్య దగ్గర కూర్చుంది.

"నాన్నగారూ, మన జాడీలో దిగినవాళ్ళ గోత్రం తెలిసిందండీ."

తాతయ్య పంచాంగం మూసేశారు. గోత్రమన్న మాట వినబడితే ఆయన నిద్రలోంచి కూడా లేచి కూర్చుంటారు. ఏం గోత్రమని అడిగారు.

"ఆస్కోమైసిటీస్ అండీ."

తాతయ్య కళ్ళు మూసుకుని ఋషులందర్నీ ఒకసారి తలుచుకున్నట్టున్నారు. ఆ పేరుగలాయన ఎక్కడా తగల్లేదు. ఏ దేశం వాళ్ళని అడిగారు. అది గ్రీకు మాటల్లోంచి వచ్చిన పేరని చిన్నత్తయ్య చెప్పింది. ఆస్కస్ అంటే తోలు తిత్తి. మైసిటీస్ అంటే బూజులూ పుట్టగొడుగులూ ఉన్న శిలీంధ్రాల జాతి. విత్తనాల్లాంటి వాటి రేణువుల్ని కంటికి కనబడనంత చిన్న తిత్తిలో పెట్టుకుంటాయి, పెసరకాయలో గింజల్లా, మామూలుగా ఒక్కో తిత్తిలో ఎనిమిదేసి. తిత్తి పండాక పగిలి రేణువులు గాలిలోకి పోతాయి. ఇలా తిత్తి ఉన్నవాళ్ళంతా ఒక వంశం. ఒక బూజుని చూపించి దీని పేరు ఆస్కోమైసిటీస్ అనకూడదు, అది వంశం మొత్తానికీ పేరు. మన జాడీలోదాని ఇంటిపేరు ఆస్పర్జిల్లస్ అంది.

తాతయ్యకి ఎక్కడలేని ఉత్సాహం వచ్చేసింది. మరి మన జాడీలోవాడి తిత్తి చూశావా అని అడిగారు. చిన్నత్తయ్య అబద్ధం చెప్పే మనిషి కాదు. మైక్రోస్కోపులో ఎంత చూసినా తిత్తి కనబడలేదని, వీళ్ళలో కొందరు తిత్తి కట్టడమే అరుదని, అయినా మిగతా పోలికల్ని బట్టి ఆ వంశమేనని లెక్చరరుగారు చెప్పారని అంది. తాతయ్య గంభీరంగా తలూపారు. పెళ్ళిపీటల మీద ప్రవర చెప్పడం రాక నీళ్ళు నమిలే పెళ్ళికొడుకులు తనకీ తగులుతుంటారని, నోటికి రానంత మాత్రాన వాళ్ళ గోత్రం ఎక్కడికీ పోదని తీర్పు చెప్పేశారు. ఆస్కోమైసిటీస్‌కి మా ఇంట్లో అలా ఆమోదం దొరికింది.

తలుపు చాటున బియ్యం ఏరుతున్న మామ్మ చేతులు ఆగిపోయాయి. నేను ఆవిడ పక్కనే ఉన్నాను. చిన్నత్తయ్యకి ఆవిడ వింటోందని తెలుసు. అందుకే గొంతు కొంచెం పెంచి, ఆ వంశంలో ఇంకా ఎవరెవరున్నారో చెప్పడం మొదలుపెట్టింది. ఇడ్లీ పిండి పులిసేటప్పుడు అందులో చేరే ఈస్టు వాళ్ళలోదే. కొల్లేటి వైపు తాటిచెట్ల మీంచి దించిన నీరా కల్లు అయ్యేది కూడా ఆ ఈస్టు వల్లేట.

"కల్లులోవాళ్ళా మన ఇడ్లీ పిండిలో ఉన్నది?" మామ్మ చేట పట్టుకుని అరుగు మీదికి వచ్చేసింది.

ఏ వంశంలోనైనా అన్ని రకాలవాళ్ళూ ఉంటారు, మన గోత్రంలో మాత్రం పేకాడేవాళ్ళు లేరా అని చిన్నత్తయ్య అడిగింది. తాతయ్యకి ఉన్నట్టుండి దగ్గు వచ్చింది. పేకాడేది ఆయన సొంత తమ్ముడే. చిన్నత్తయ్య అక్కడితో వదల్లేదు. అంతకు ముందేడు తాతయ్య కాల్లో మేకు దిగి పుండు ముదిరితే, కాలు తీసెయ్యాలేమోనని మామ్మ పస్తులుండి మొక్కుకుంటే, భీమడోలు డాక్టరుగారు సూదులేసి నిలబెట్టారు. ఆ పెన్సిలిన్ మందు ఇచ్చే బూజుది కూడా ఇదే వంశమని చెప్పింది.

మామ్మ తాతయ్య కాలు వంక చూసింది. కోపం కొంచెం దిగింది గానీ, అసలు ప్రశ్న ఆవిడ మర్చిపోలేదు.

"సరేనే. గొప్పవాళ్ళే అనుకుందాం. మరి వాళ్ళని నా జాడీలోకి రానిచ్చిందెవరూ?"

అమ్మ అప్పుడే దీపం పెట్టడానికి గుమ్మంలోకి వచ్చింది. చిన్నత్తయ్య అమ్మ వైపు చూసింది. అమ్మ తల అడ్డంగా ఊపింది. నేను చూశాను గానీ నాకు అర్థం కాలేదు. తనకి చేతకాలేదని ఒప్పుకుంటోందేమో అనుకున్నాను.

"వాళ్ళని ఎవరూ రానివ్వక్కర్లేదమ్మా" అంది చిన్నత్తయ్య. "గాల్లో ఎప్పుడూ తిరుగుతూనే ఉంటారు. మడి చూడరు, మైల చూడరు. తడి ఒక్కటే చూస్తారు. వానాకాలంలో ఇంత తేమ దొరికితే చాలు, దిగిపోతారు. జాడీలో పెట్టే గరిటె పొడిగా తుడిచి, ఎండలో పెట్టి వాడితే ఇంక గుమ్మం తొక్కరు."

మామ్మ చేటలో బియ్యం అటూ ఇటూ జరిపింది. తర్వాత, రేపట్నుంచి గరిటెలన్నీ ఎండలో పెట్టండి అంది. ఎవరితో అన్నదో మాకెవరికీ తెలీలేదు. ఆ జాడీలోని ఆవకాయ లోపలిదాకా చెడి ఉంటుందని చిన్నత్తయ్య చెప్పడంతో పెరట్లో గొయ్యి తీసి మొత్తం పూడ్చేశారు. ఆ రాత్రి పెరుగన్నంలోకి మాగాయ పడింది.

ఇంక చూడాలి మా మామ్మని. ఆవకాయ పోయిందన్న దిగులు ఆ పేరు నోటికి వచ్చేసరికి ఎగిరిపోయింది. నీళ్ళకి వచ్చినవాళ్ళతో, మా జాడీలో ఆస్కోమైసిటీస్ వాళ్ళు దిగారండీ అని చెప్పేది. బూజని ఆవిడ నోట మళ్ళీ రాలేదు. బూజులు పాచి ఇళ్ళలో పడతాయి, మా ఇంటికొచ్చినవాళ్ళకి గోత్రం ఉంది, ఇంటిపేరు ఉంది, ఏలూరు కాలేజీలో చూశారు. పక్కింటి పిన్నిగారు రెండు రోజులు ఓర్చుకుని, మా చింతకాయలో కూడా వాళ్ళే ఉన్నట్టున్నారండీ అంటూ గిన్నె పట్టుకొచ్చింది. ఎదురింటావిడ గడ్డివాము మీద మొలిచిన పుట్టగొడుగు తెచ్చింది. చిన్నత్తయ్య చూసి, ఇది తిత్తి వంశం కాదండీ, వేరే వంశం అంది. ఎదురింటావిడ ముఖం మాడ్చుకుని వెళ్ళిపోయింది. ఆవిడకి మర్యాద తగ్గినందుకు మామ్మ ఆ పూట ఒక ముద్ద ఎక్కువే తిన్నది.

నాకు మాత్రం ఆదివారం దిగులు పోలేదు. గూడెం వెళ్ళిన కబురుని వెనక్కి పిలిచిందెవరు? తాతగారు రానే వచ్చారు. మా అమ్మ తండ్రి. సంచిలో అరటిపళ్ళు, ముఖం నిండా నామోషీ. అరుగు అంచున కూర్చుని, తలొంచుకుని, క్షమించమని మొదలుపెట్టబోయారు. నేను అమ్మ కొంగు గట్టిగా పట్టుకుని నిలబడ్డాను.

మామ్మ ఆయన్ని మాట్లాడనివ్వలేదు. "మీ అమ్మాయి చేసిందేమీ లేదండీ అన్నయ్యగారూ. అదంతా ఆస్కోమైసిటీస్ వాళ్ళ పని."

తాతగారు కంగారుపడి, డాక్టరుకి చూపించారా అండీ అని అడిగారు. ఏదో కొత్త జబ్బు అనుకున్నారు పాపం. తాతయ్య ఆయన పక్కన చేరి, తిత్తి దగ్గర్నుంచి పెన్సిలిన్ దాకా వంశవృక్షమంతా వినిపించారు. మాగాయతో భోజనం పెట్టి సాయంత్రం బస్సెక్కించారు. ఆయన వచ్చిన పనేమిటో ఎవరూ ఎత్తలేదు. నేను బస్సు దుమ్ము కనబడినంతసేపు చూసి, అమ్మ ఇంట్లోనే ఉందని మళ్ళీ వెళ్ళి చూసుకున్నాను.

మర్నాడు అమ్మ నాకు జడ వేస్తుంటే అడిగాను, ఆ రోజు తల ఎందుకలా ఊపావని. అమ్మ గుమ్మం వైపు ఒకసారి చూసి గొంతు తగ్గించింది.

"నల్లజర్ల వెళ్ళే హడావిడిలో మీ మామ్మగారే తడి గరిటె ముంచారమ్మా జాడీలో. కడిగి, మళ్ళీ కడిగి, నీళ్ళోడుతుండగానే ముంచారు. నేను చూశాను. మీ అత్తయ్యకి చెప్పాను. మామ్మగారితో అనవద్దని కూడా చెప్పాను."

మరి నిన్ను పంపేస్తుంటే అప్పుడైనా చెప్పొచ్చుగా అన్నాను. అమ్మ జడ బిగించి రిబ్బను ముడి వేసింది. 

చిన్నత్తయ్య కూడా ఎప్పుడూ బయటపడలేదు. తప్పంతా ఊరూ పేరూ ఉన్న ఒక పెద్ద వంశం మీదికి నెట్టేసి, మా అమ్మనీ గట్టెక్కించింది, మామ్మ పరువునీ నిలబెట్టింది. మామ్మకి ఎంత తెలిసిందో నాకు తెలీదు. కానీ ఆ తర్వాత జాడీలు తియ్యడం అమ్మకే వదిలేసింది.

చిన్నత్తయ్య చలవేనేమో, నేనూ వృక్షశాస్త్రమే చదివి గూడెంలో చాలా ఏళ్ళు పిల్లలకి పాఠం చెప్పాను. ఇప్పుడు పుస్తకాల్లో ఆస్కోమైకోటా అంటున్నారు. నా మనవరాలు నా మాట పాతదని ఫోనులో చూపించి మరీ దిద్దుతుంది. దిద్దనీ. నాకు ఆ పాఠంలో మిగిలింది వేరే. ఇంట్లో ఏదైనా చెడిందంటే 'చేసిందెవరూ?' అన్న మాట నాకూ నోటిదాకా వస్తుంది, మా మామ్మ మనవరాల్నేగా. దాన్ని మింగేసి, ఏమయిందమ్మా అని అడగడం అలవాటు చేసుకున్నాను. మొన్న వానల్లో నిమ్మకాయ సీసా చెడింది. ఏమయిందమ్మా అన్నాను. మా కోడలు స్టవ్ దగ్గర్నుంచి వెనక్కి కూడా తిరక్కుండా, "నేనేనండీ అత్తయ్యగారూ, తడి చెంచా పెట్టేశాను" అనేసింది.

ఎంత తేలిగ్గా అనేసిందో. మా అమ్మని ఆ ఇంట్లో అలా ఎవరైనా అడిగి ఉంటే బాగుండేది.